గది చప్పుడు

ఇంటర్వ్యూ అయిపోయాక ఎవరూ కదలకూడదు.
ఒక్క నిమిషం.
గది తనంతట తాను చేసే చప్పుడుని పట్టుకోవాలి.
అది నా పని.
మాటకీ మాటకీ మధ్య కత్తెర పడ్డచోట
ఆ నిమిషాన్ని ముక్కలు చేసి అతుకుతారు,
చొక్కా చిరుగుకి లోపలివైపు వేసే గుడ్డలాగా.

హ్యూ ప్రిచర్డ్ మొదటిసారి మీనంబాకంలో దిగింది డెబ్భై తొమ్మిదిలో.
ఇంగ్లీషువాడివా అంటే నొచ్చుకునేవాడు, వేల్స్ అనేవాడు,
మద్రాసులో నేను తెలుగువాణ్ణని దిద్దుకున్నట్టే.
పేరయ్య అనడానికి నోరు తిరక్క పెరియా అన్నాడు.
అలా అరవంలో పెద్దవాణ్ణయ్యాను.
జీతం మాత్రం అంతే.

తేయాకు మీద ఒకటి, రైళ్ల మీద రెండు,
తుఫాను మీద ఒకటి.
మేం చేరేసరికి తుఫాను వెళ్ళిపోయింది,
కప్పులేని బడిలో ఎక్కాలు చదివే పిల్లల్ని
తీసుకొచ్చాం.

ఎనభై ఆరు. పులియంతోపు.
నెల్లూరు వైపు నుంచి తాతలనాడు వచ్చి
ఊరి చెత్త ఎత్తుతున్నవాళ్ళ ఇళ్లు.
మనవాళ్ళే, అన్నాను హ్యూతో.
పదేళ్ళుగా వడపళనిలో ఉంటూ
ఆ వీధిలో అడుగుపెట్టడం నాకదే మొదలు.

చెంచులమ్మ నా మైకు బొచ్చు తొడుగు చూసి
"ఇదేంది సామీ, పిల్లి సచ్చిపోయినట్టుండాది" అంది.
తర్వాత చాలాసేపు చెప్పింది.
కార్పొరేషన్ ఇచ్చే చీపురుకి ఎన్ని పుల్లలో,
వానాకాలం మరిది ఏ మూత తీసి లోపలికి దిగాడో,
పైకి తెచ్చినప్పుడు చొక్కాకి మిగిలిన ఒక్క గుండీ ఏ రంగో.
తెరమీద అదంతా ఒకే వాక్యం.
తర్జుమా నాదే.

ఆఖర్న తనే అడిగింది:
"మీ ఊళ్ళో ఎవురెత్తతారు?"
హ్యూ నోరు తెరిచాడు. మూశాడు.
గనిలో బొగ్గు తవ్విన తండ్రి గురించి గంటసేపు చెప్పగలడు.
చెత్తబండి వెనక నడిచినవాడి మొహం
ఒక్కటీ గుర్తురాలేదు.
"గది చప్పుడు తీసుకో, పెరియా."

మరుసటేడు తన ఊళ్ళోనే, చలిలో,
చెత్తబండి వెంట తిరిగి ఒక సినిమా తీశాడట.
రాత్రి పదకొండున్నరకి వేశారట, అందరూ పడుకున్నాక.
ఉత్తరంలో రాశాడు, వాన గురించి రాసినట్టు.

ఆ తర్వాత ఛానెళ్ళు మారాయి.
ఏడుగురం నలుగురమయ్యాం, ఇద్దరమయ్యాం.
రెండువేల తొమ్మిదిలో
అరచేతంత కెమెరాతో ఒక్కడే దిగాడు.
మైకు కూడా దాంట్లోనే ఉందట.
నన్ను భోజనానికి పిలిచాడు.
రసం రెండుసార్లు వేయించుకున్నాడు, నా మొహం చూడలేదు.

మొన్న ఫోను.
చెవులు సగం పోయాయి, గట్టిగా మాట్లాడమన్నాడు.
పాత సినిమాలు ఎవరో కడిగి ఆరేస్తున్నారట,
పులియంతోపు చప్పుడు నీ దగ్గరుందా?

ఉంది. బీరువాలో, కలరా ఉండల వాసనతో.
వింటే,
చేతిపంపు రెండు కొట్లు.
కాకి.
బేసిన్ బ్రిడ్జి మీద దూరంగా గూడ్సు.
చెంచులమ్మ గాజు, ఒకసారి.
వీటన్నిటికీ ఇవతల, మైకుకి బాగా దగ్గరగా
ఎవరిదో ఊపిరి,
ముక్కు కాస్త దిబ్బడేసిన ఊపిరి,
లోపలికి పోయింది గానీ
బయటికి రావడానికి తటపటాయిస్తోంది.

ముప్ఫై ఏళ్ళు.
ఏ సినిమాలోనూ అతను కనపడడు.
వ్యాఖ్యానం గొంతు కూడా ఎవరో నటుడిదే.

లోపల ఏముందని అడిగాడు కొరియరు కుర్రాడు.
టేపు, అన్నాను.
టేపులో?
ఏమీ లేదు.
విలువ రాయాలి సార్, అన్నాడు.
పెన్ను పట్టుకుని నిలబడిపోయాను,
వెనక వరసలో ఎవరో దగ్గేదాకా.